గాజు పలకల మీద ఆకాశం

హైదరాబాదు బేగంపేటలో, ఇప్పుడు ఆర్థిక సామాజిక అధ్యయనాల కేంద్రం ఉన్న ఆవరణలో, ఒక పాత గుమ్మటం నిలబడి ఉంది. చుట్టూ భవనాలు, వాహనాల రొద, తెల్లవార్లూ ఆరని దీపాలు. రాత్రి తలెత్తి చూస్తే పట్టుమని పది చుక్కలు కనిపించడం గగనం. నిజామియా అబ్జర్వేటరీ ఇదే. ఇక్కడ 1914లో మొదలైన ఒక పనికి దక్కాల్సిన ఫలితం 2000 సంవత్సరంలో దక్కింది. నడుమ 86 ఏళ్లు గడిచాయి. పని మొదలుపెట్టినవాళ్లు దాన్ని చూడలేదు. చూస్తామని అనుకోనూ లేదు.

ఈ కథకు మొదట్లో ఒక నవాబు ఉన్నాడు. హైదరాబాదు సంస్థాన ప్రముఖుల్లో ఒకరైన నవాబ్ జఫర్ జంగ్‌కు ఆకాశమంటే అపారమైన ఆసక్తి. ఇంగ్లండు నుంచి 15 అంగుళాల గ్రబ్ టెలిస్కోపు తెప్పించుకుని, 1901లో ఫిసల్‌బండ దగ్గర సొంత అబ్జర్వేటరీ పెట్టుకున్నాడు. దానికి నిజాం పేరు పెట్టేందుకు అనుమతి తీసుకున్నాడు. 1907లో ఆయన కన్నుమూశాక, మరుసటి ఏడాది సంస్థాన ప్రభుత్వం దాన్ని తన చేతిలోకి తీసుకుంది. తర్వాత అది బేగంపేటకు తరలింది. ఒక మనిషి ముచ్చటగా మొదలైనది రాజ్యం బాధ్యతగా మారడమే ఇక్కడ అసలు మలుపు. ఎందుకంటే అబ్జర్వేటరీ ఒప్పుకున్న పని ఏ ఒక్క మనిషి జీవితకాలంలోనూ తెమిలేది కాదు.

ఆ పని ఏమిటంటే, మొత్తం ఆకాశాన్ని ఫొటో తీయడం. 1887లో పారిస్ అబ్జర్వేటరీ డైరెక్టర్ ఎర్నెస్ట్ ముషే పిలుపు మీద పలు దేశాల ఖగోళ శాస్త్రజ్ఞులు సమావేశమై ఈ బృహత్కార్యానికి పూనుకున్నారు. రైతులు పొలాన్ని పాళ్లు పంచుకున్నట్టు ఆకాశాన్ని పట్టీలుగా కోసి సుమారు ఇరవై అబ్జర్వేటరీలు పంచుకున్నాయి. అందరికీ ఒకే కొలత టెలిస్కోపు, ఒకే కొలత గాజు పలక. పలక మీద రెండు డిగ్రీల పొడవు, రెండు డిగ్రీల వెడల్పు ఆకాశం పడుతుంది. అంటే నిండు చందమామలను వరసగా పేరిస్తే నాలుగు పట్టేంత వెడల్పు. పలక మీద ముందే సన్నని గళ్లు ముద్రిస్తారు. ఫొటో కడిగాక, సూక్ష్మదర్శినికి కన్నానించి, ఏ చుక్క ఏ గడిలో ఏ మూలన ఉందో ఒక్కొక్కటిగా కొలిచి రాసుకోవాలి. వేల పలకలు, లక్షల చుక్కలు.

ఖగోళ మధ్యరేఖకు దక్షిణంగా 17 డిగ్రీల నుంచి 23 డిగ్రీల దాకా ఉన్న పట్టీ మొదట చిలీలోని శాంటియాగో అబ్జర్వేటరీ వంతు. అక్కడ పని సాగలేదు. ఆ వంతును హైదరాబాదు తలకెత్తుకుంది. వృశ్చిక రాశిలో తెలుగువాళ్లు అనూరాధ అని పిలుచుకునే చుక్కల్లో రెండు ఈ పట్టీలోవే. 1914లో రాబర్ట్ పోకాక్ డైరెక్టర్‌గా వచ్చాక పని ఊపందుకుంది. 1918లో ఆయన మరణించాక టి.పి. భాస్కరన్ భుజానికెత్తుకున్నారు. 1919లో అబ్జర్వేటరీ ఉస్మానియా విశ్వవిద్యాలయం కిందికి వచ్చింది. దక్షిణపు పట్టీ పలకలు తీయడం 1929 దాకా సాగింది. అంతలో జర్మనీలోని పోట్స్‌డామ్ అబ్జర్వేటరీ తన వంతు వదిలేసింది. అందులో ఉత్తరాన 36 నుంచి 39 డిగ్రీల భాగం కూడా హైదరాబాదే తీసుకుంది. ఒకరు వదిలేసిన పాలు పూర్తిచేసి, మరొకరు వదిలేసిన పాలు కూడా దున్నిన అబ్జర్వేటరీ ఇది. ఫలితాలు 12 సంపుటాలుగా అచ్చయ్యాయి. వాటిలో ఏడున్నర లక్షలకు పైగా నక్షత్ర స్థానాలున్నాయి.

అచ్చయిన తర్వాత ఆ సంపుటాలను పట్టించుకున్నవాళ్లు తక్కువ. ప్రపంచమంతటా ఇదే తీరు. ఖగోళ శాస్త్రం అప్పటికే మరో దారి పట్టింది. నక్షత్రం ఎక్కడుంది అన్న ప్రశ్న పాతబడి, అది ఎలా వెలుగుతోంది, దేనితో తయారైంది అన్న ప్రశ్నలు ముందుకొచ్చాయి. ఆకాశాన్ని కొలిచే పనిలో ఇరుక్కుపోయిన అబ్జర్వేటరీలు కొత్త శాస్త్రంలో వెనకబడ్డాయన్న విమర్శ కూడా వచ్చింది. అందులో నిజం లేకపోలేదు.

కానీ నక్షత్రాలు నిలకడగా ఉండవు. మన కంటికి కదలనట్టే కనిపించినా ప్రతి నక్షత్రం తన దారిన తాను సాగిపోతూనే ఉంటుంది. ఒక మామూలు నక్షత్రం నూరేళ్లలో ఒక ఆర్క్ సెకను జరిగిందనుకుందాం. అంటే డిగ్రీలో 3,600వ వంతు. రూపాయి బిళ్లను నాలుగున్నర కిలోమీటర్ల దూరాన నిలబెడితే దాని వెడల్పు మన కంటి దగ్గర చేసేది దాదాపు అంతే కోణం. ఇంత చిన్న కదలికను పట్టుకోవాలంటే రెండు దారులు. కొలత మహా సూక్ష్మంగానైనా ఉండాలి, రెండు కొలతల మధ్య కాలం చాలా ఎక్కువగానైనా ఉండాలి. మొదటిది డబ్బు పెడితే, తెలివి పెడితే దొరుకుతుంది. రెండోది కొనుక్కోవడానికి దొరకదు. ఎవరో ముందే కొలిచి దాచి ఉంచాలి.

1989లో ఐరోపా అంతరిక్ష సంస్థ హిప్పార్కస్ ఉపగ్రహాన్ని పంపింది. నక్షత్రాల స్థానాలను అది అంతకుముందు ఎరగని కచ్చితత్వంతో కొలిచింది. అయితే దాని ఆయుష్షు కొద్ది ఏళ్లే. అప్పుడు శాస్త్రజ్ఞులకు పాత సంపుటాలు గుర్తొచ్చాయి. అమెరికా నౌకాదళ అబ్జర్వేటరీ ఆ ఇరవై చోట్ల కొలతలనూ కంప్యూటర్‌లోకి ఎక్కించి, లోపాలు సవరించి, 1997లో 46 లక్షల నక్షత్రాల జాబితాగా విడుదల చేసింది. ఉపగ్రహం కొలిచిన స్థానాలను ఒక కొసన, ఈ పాత స్థానాలను మరో కొసన పెట్టి, ఇంకా అనేక జాబితాలను కలుపుకుని 2000లో టైకో-2 జాబితా తయారైంది. పాతిక లక్షల నక్షత్రాల గమనం తేలింది. 2013లో ఎగిరిన గయా ఉపగ్రహం తన తొలి ఫలితాలను లెక్కగట్టడానికి ఈ టైకో-2 స్థానాలనే ఆధారం చేసుకుంది. గయా ఇప్పుడు వీటన్నిటినీ మించిపోయింది. అంతదాకా నడిచొచ్చిన దారిలో మాత్రం బేగంపేట గాజు పలకలు పరిచిన బాట కొంత ఉంది.

జాతీయ అబ్జర్వేటరీల గురించి మాట్లాడేటప్పుడు అద్దం ఎంత పెద్దది, ఎన్ని కోట్లు పెట్టారు అన్నవే ముందుకొస్తాయి. వాటికన్నా ముందు అడగాల్సిన ప్రశ్న ఒకటుంది. ఈ చోటు ఎన్నాళ్లు ఓపిక పట్టగలదు? విశ్వవిద్యాలయంలో ఒక ఆచార్యుడు మూడేళ్ల ప్రాజెక్టు తెచ్చుకోగలడు. నూరేళ్ల ప్రాజెక్టును ఎవరూ మంజూరు చేయరు. నూరేళ్లు గడవాలంటే, ఒకరు దిగిపోతే మరొకరు ఆ కుర్చీలో కూర్చుని అదే పనిని అదే తీరున సాగించే ఒక సంస్థ కావాలి.

మన దేశంలో అలాంటి సంస్థల వరసకు మొదలు మద్రాసు. 1786లో విలియం పెట్రీ అనే ఈస్టిండియా కంపెనీ అధికారి ఎగ్మూరులో సొంతానికి పెట్టుకున్న చిన్న వేధశాలను కంపెనీ తీసుకుని, 1792 నాటికి నుంగంబాక్కంలో కొత్త కట్టడంలోకి మార్చింది. నక్షత్రాల మీద మమకారం కన్నా ఓడలు, పటాలు కంపెనీకి ముఖ్యం. చోటు రేఖాంశం కచ్చితంగా తెలియనిదే సముద్రంలో దారి దొరకదు, భూమిని కొలవడం కుదరదు. దేశమంతటినీ త్రిభుజాలుగా కొలిచిన మహా సర్వేకు మద్రాసు రేఖాంశమే ఆధారమైంది. రైళ్లు వచ్చాక గడియారాలు మద్రాసు టైము ప్రకారం నడిచాయి. టెలిస్కోపును మోయడానికి అక్కడ నిలిపిన గ్రానైటు స్తంభం ఇప్పటికీ ఉంది. దాని మీద శాసనం చెక్కిన భాషల్లో తెలుగు కూడా ఒకటి. ఆ వేధశాలలో టి.జి. టేలర్ 11,015 నక్షత్రాల జాబితా కూర్చాడు. 1867లో చింతామణి రఘునాథాచారి అనే భారతీయ సహాయకుడు వెలుగు మారే ఒక కొత్త నక్షత్రాన్ని పట్టుకున్నాడు.

మద్రాసు వేధశాల తెలుగు నేలకు నేరుగా వచ్చిన సందర్భం 1868 ఆగస్టు 18. ఆ రోజు సంపూర్ణ సూర్యగ్రహణం నీడ దక్కనును దాటి కృష్ణా తీరాన సముద్రంలోకి దిగింది. డైరెక్టర్ నార్మన్ పోగ్సన్ మచిలీపట్నంలో, రఘునాథాచారి వనపర్తిలో టెలిస్కోపులు పెట్టుకుని కూర్చున్నారు. ఫ్రాన్సు నుంచి వచ్చిన పియర్ జాన్సన్ గుంటూరు ఎంచుకున్నాడు. సూర్యుడి అంచున ఎగసే ఎర్రటి జ్వాలల వెలుగును వర్ణపటంగా విడగొట్టి చూడటం అదే తొలిసారి. అవి మండే వాయువులని తేలింది. పసుపు రంగులో ఒక గీత కనిపించింది. అది సోడియం గీత ఉండాల్సిన చోట సరిగ్గా లేదు. అదే ఏడాది అక్టోబరులో ఇంగ్లండులో నార్మన్ లాకియర్ ఆ గీతను గ్రహణం లేకుండానే చూసి, భూమ్మీద ఎవరూ ఎరగని పదార్థానిదని వాదించాడు. సూర్యుడి గ్రీకు పేరు మీదుగా దానికి హీలియం అని పేరొచ్చింది. భూమ్మీద అది దొరికింది 1895లో. గ్రహణం మర్నాడు పట్టపగలే జ్వాలలను మళ్లీ చూడగలిగానన్న జాన్సన్ ఆనందం గుంటూరులోనే మొదలైంది. సూర్యుణ్ణి పరిశీలించడానికి ఇక గ్రహణం కోసం కాచుకోనక్కర్లేదు. ఏ రోజుకారోజు చూడొచ్చు.

ఏ రోజుకారోజు చూసే చోటు ఏర్పడటానికి కారణం మాత్రం కరువు. ధాత నామ సంవత్సరం, అంటే 1876-77. రాయలసీమ పల్లెలు ఆకలితో ఖాళీ అయిన కాలం అది. మద్రాసు ప్రెసిడెన్సీలో లక్షల మంది చనిపోయారు. సూర్యుడి మీద మచ్చలు పెరిగి తరిగే పదకొండేళ్ల చక్రానికీ, వానలకూ సంబంధం ఉందేమోనని లాకియర్ వంటివాళ్లు రాశారు. ఆ సంబంధం దొరికితే కరువును ముందే పసిగట్టవచ్చన్న ఆశ కలిగింది. ఆ ఆశే చివరకు 1899లో పళని కొండల మీద, 2,300 మీటర్లకు పైగా ఎత్తున, కొడైకెనాల్ సౌర అబ్జర్వేటరీగా నిలిచింది.

మచ్చలు లెక్కపెట్టి వానలు చెప్పడం కుదరలేదు. అబ్జర్వేటరీ మాత్రం మిగిలింది. పని ఆగలేదు.

1904 నుంచి కొడైకెనాల్ సూర్యుడి ఫొటోలు తీస్తోంది. మబ్బు లేని ప్రతి ఉదయం. మరికొద్ది ఏళ్లలో కాల్షియం వెదజల్లే ఊదా కాంతిలో, ఆపైన హైడ్రోజన్ ఎర్ర కాంతిలో కూడా రోజువారీ ఫొటోలు మొదలయ్యాయి. 1907లో వచ్చిన జాన్ ఎవర్‌షెడ్ తన చేతులతో పరికరాలు కట్టుకునే మనిషి. మచ్చలు సుడిగుండాలని, వాయువు వాటి చుట్టూ గిరగిరా తిరుగుతుందని అప్పట్లో ఊహించేవారు. 1909 జనవరిలో ఎవర్‌షెడ్ తీసిన వర్ణపటాలు మరో సంగతి చెప్పాయి. వాయువు తిరగడం లేదు. మచ్చ నడిమి నుంచి అంచుల వైపు, సెకనుకు సుమారు రెండు కిలోమీటర్ల వేగంతో, బయటికి పారుతోంది. ఆ ప్రవాహానికి ఆయన పేరే స్థిరపడింది. సౌరశాస్త్ర పాఠ్యగ్రంథాలన్నిటా ఈనాటికీ ఉన్న పేరు అది. 1937లో ఆ అబ్జర్వేటరీకి తొలి భారతీయ డైరెక్టర్‌గా వచ్చిన ఎ.ఎల్. నారాయణ్ తెలుగువారు. విజయనగరం మహారాజా కళాశాలలో పాఠాలు చెబుతూ వర్ణపటాల మీద పరిశోధన చేసిన అధ్యాపకుడు.

ఎవర్‌షెడ్ కనుగొన్నది గొప్పదే. అయినా కొడైకెనాల్ ఇచ్చిన అసలు ఆస్తి ఆ రోజువారీ పలకలు. కారణం ఇది. సూర్యుడి ఆటుపోట్లన్నీ దాని అయస్కాంత బలం వల్లనే. ఆ బలాన్ని సూర్యబింబం అంతటా క్రమం తప్పకుండా కొలిచే పరికరాలు 1970ల నాటికి గాని కుదురుకోలేదు. అంతకుముందటి సంగతి తెలియాలంటే ఎలా? కాల్షియం కాంతిలో తీసిన ఫొటోల్లో అయస్కాంత బలం గట్టిగా ఉన్న చోట్లు తెల్లగా మెరుస్తాయి. అంటే, 1910లో కొండ మీద ఎవరో తీసిన ఫొటోలో ఆనాటి అయస్కాంత పటం ఉంది. తీసినవారికి ఆ సంగతి తెలియదు. ఇటీవలి ఏళ్లలో ఈ పలకలన్నిటినీ డిజిటల్ రూపంలోకి మార్చారు. నూరేళ్లకు పైబడిన సూర్యుడి అయస్కాంత చరిత్రను వాటి నుంచి తిరిగి కడుతున్నారు. ఇంత పొడవైన వరస ప్రపంచంలో కొద్ది చోట్లే ఉంది. ఒక డైరెక్టర్ ఎవరైనా వానల సంగతి తేలలేదు కదా, ఇంకా ఈ ఫొటోలు దేనికని ఆపేసి ఉంటే, ఆ ఖాళీని ఈనాడు ఎంత డబ్బూ పూడ్చలేకపోయేది.

బేగంపేట దారి, కొడైకెనాల్ దారి ఒక మనిషిలో కలిశాయి. వేణు బప్పు 1927లో మద్రాసులో పుట్టాడు. తండ్రి నిజామియా అబ్జర్వేటరీలో ఉద్యోగి. ఆ పిల్లవాడు టెలిస్కోపుల మధ్యే పెరిగాడు, నిజాం కాలేజీలో చదివాడు. హైదరాబాదు ప్రభుత్వం ఇచ్చిన ఉపకార వేతనంతో హార్వర్డ్ వెళ్లి, 1949 జులైలో ఒక కొత్త తోకచుక్కను ఫొటోలో పట్టుకున్నాడు. తర్వాత కాలిఫోర్నియాలో ఆలిన్ విల్సన్‌తో కలిసి, నక్షత్రపు వెలుగులో కాల్షియం గీత నడుమ మెరిసే భాగం వెడల్పును కొలిస్తే ఆ నక్షత్రం అసలు కాంతి ఎంతో చెప్పవచ్చని 1957లో చూపాడు. అసలు కాంతి తెలిస్తే దూరం తెలిసినట్టే. కొడైకెనాల్ సూర్యుణ్ణి రోజూ ఫొటో తీస్తున్నది ఈ కాల్షియం గీత కాంతిలోనే. 1960లో బప్పు ఆ అబ్జర్వేటరీకి డైరెక్టర్ అయ్యాడు.

బప్పుకు సూర్యుడు ఒక్కడే చాలలేదు. రాత్రి ఆకాశం కావాలి. కొడైకెనాల్‌లో మబ్బులెక్కువ. తమిళనాడు జవ్వాది కొండల్లో, చందనపు చెట్లున్న అడవిలో, కావలూరు అనే ఊరి దగ్గర చోటు ఎంచాడు. భూమధ్యరేఖకు 12 డిగ్రీల పైచిలుకు దూరంలోనే ఉంది కనుక దక్షిణ ఆకాశం చాలా భాగం దొరుకుతుంది. 1972లో ఒక మీటరు టెలిస్కోపు అమరిందో లేదో, ఆ జూన్‌లో బృహస్పతి చందమామ గానిమీడ్ ఒక నక్షత్రాన్ని మూసింది. ఆ కాసేపటి పరిశీలనలో గానిమీడ్‌కు పలచని వాతావరణం ఉన్న ఆనవాళ్లు కనిపించాయి. 1977 మార్చి 10న యురేనస్ ఒక నక్షత్రం ముందు నుంచి వెళ్లబోతుండగా, గ్రహం చేరకముందే ఆ నక్షత్రపు వెలుగు కాసేపు మసకబారడం కావలూరులో జె.సి. భట్టాచార్య, కుప్పుస్వామి నమోదు చేశారు. వాళ్లు దాన్ని కొత్త ఉపగ్రహమేమో అనుకున్నారు. హిందూ మహాసముద్రం మీద విమానం నుంచి చూసిన అమెరికన్ బృందం కొలతలు, ఇతర చోట్ల కొలతలు కలిపి చూశాక అది యురేనస్ వలయమని తేలింది. ఒక్క చోటి నుంచి చూసి ఉంటే తేలే విషయం కాదు అది.

1971లో కొడైకెనాల్, కావలూరు కలిసి భారతీయ ఖగోళ భౌతిక సంస్థ అయ్యాయి. 2.34 మీటర్ల పెద్ద టెలిస్కోపును ఇక్కడే తయారు చేయాలన్నది బప్పు పట్టుదల. అద్దాన్ని బెంగళూరులో సానబట్టారు. అది పూర్తయ్యేలోగా, 1982 ఆగస్టులో ఆయన మ్యూనిక్‌లో కన్నుమూశాడు. అప్పటికి అంతర్జాతీయ ఖగోళ సంఘానికి అధ్యక్షుడు. 1986 జనవరిలో ఆ టెలిస్కోపుకు ఆయన పేరు పెట్టారు.

ఇక్కడ హైదరాబాదుకు ఒక్కసారి తిరిగి రావాలి. బేగంపేట మీద నగరపు వెలుగు కమ్ముకున్నాక, ఉస్మానియా ఖగోళ శాస్త్రజ్ఞులు నగరానికి దూరంగా జాపాల్-రంగాపూర్ కొండ మీదికి వెళ్లి 1968లో 48 అంగుళాల టెలిస్కోపు నిలిపారు. 1980 ఫిబ్రవరి 16న సంపూర్ణ గ్రహణం నీడ నేరుగా ఆ కొండ మీదుగా పోయింది. జనం తలుపులు బిగించుకుని ఇళ్లలో కూర్చున్నారు. దేశవిదేశాల శాస్త్రజ్ఞులు మాత్రం ఆ కొండకు చేరారు.

చీకటి కోసం మొదలైన ఈ వలస ఆగింది లద్దాఖ్‌లో. హాన్లే, 4,500 మీటర్ల ఎత్తు. గాలిలో తేమ దాదాపు లేదు. కనుక తేమ మింగేసే పరారుణ కాంతి కూడా అక్కడికి చేరుతుంది. 2000 సెప్టెంబరులో అక్కడ రెండు మీటర్ల హిమాలయన్ చంద్ర టెలిస్కోపు తొలి వెలుగు చూసింది. సుబ్రహ్మణ్యన్ చంద్రశేఖర్ పేరు మీద వెలసిన ఈ టెలిస్కోపును నడిపేవారు బెంగళూరు పక్క హోస్కోటెలో కూర్చుంటారు. ఆదేశాలు ఉపగ్రహం మీదుగా కొండకు వెళతాయి.

జాతీయం అన్న మాటకు అర్థం ఇక్కడ బాగా కనిపిస్తుంది. ఈ టెలిస్కోపు మీద హక్కు సంస్థలో పనిచేసేవారికే పరిమితం కాదు. ఏ విశ్వవిద్యాలయంలోనివారైనా, ఏం చూడాలో, ఎందుకు చూడాలో, ఎన్ని రాత్రులు కావాలో రాసి దరఖాస్తు పెట్టుకోవచ్చు. ఒక సంఘం వాటిని తూచి రాత్రులు పంచుతుంది. పంచుకున్న రాత్రి మబ్బు పడితే ఆ రాత్రి పోయినట్టే. చిన్న ఊళ్లోని కాలేజీ అధ్యాపకుడు ఏనాటికీ కొనలేని అద్దం, ఒక మంచి ప్రశ్న ఉంటే, ఒక రాత్రికి అతనిదవుతుంది.

హాన్లే రేఖాంశానికి మరో విలువ ఉంది. పడమర కానరీ దీవుల పెద్ద టెలిస్కోపులు, తూర్పున ఆస్ట్రేలియా టెలిస్కోపులు. నడుమ భూగోళంలో పెద్ద ఖాళీ. పేలిన నక్షత్రం ఎక్కడో తెల్లవారిందని ఆగదు. 2023 మేలో ఎం-101 గెలాక్సీలో ఒక నక్షత్రం పేలినప్పుడు, గంటగంటకూ మారే దాని వెలుగును వెంటాడిన టెలిస్కోపుల్లో హాన్లేది కూడా ఉంది.

2022 డిసెంబరులో హాన్లే చుట్టూ 1,073 చదరపు కిలోమీటర్లను చీకటి ఆకాశ రక్షిత ప్రాంతంగా ప్రకటించారు. అక్కడి ఊళ్లలో దీపాలకు మూతలు బిగించి వెలుగును నేలకే పరిమితం చేస్తున్నారు. కిటికీలకు మందపాటి తెరలు కడుతున్నారు. రాత్రి వచ్చే వాహనాల హెడ్‌లైట్లు తగ్గించమంటున్నారు. ఊరి కుర్రవాళ్లకు, ఆడపిల్లలకు చిన్న టెలిస్కోపులిచ్చి, వచ్చిన యాత్రికులకు ఆకాశం చూపే శిక్షణ ఇచ్చారు. వేసవి రాత్రుల్లో అక్కడ దక్షిణ దిక్కున, దిగంతానికి సుమారు 35 డిగ్రీల ఎత్తున, అనూరాధ చుక్కలు దాటి వెళతాయి. 1914లో బేగంపేటలో గాజు పలక మీదికి ఎక్కించిన పట్టీ అదే.